ఫోన్ ఆన్ కాగానే నల్ల తెర మీద వచ్చే ఆ రెండు లైన్లను చదవండి

నల్గొండ గడియారం సెంటర్‌లోనో, మహబూబ్‌నగర్ క్లాక్ టవర్ దగ్గరో ఏ మొబైల్ రిపేర్ షాపు ముందు కాసేపు నిలబడ్డా ఒక మాట చెవిన పడుతుంది: "సాఫ్ట్‌వేర్ పోయింది అన్నా, కొత్తగ కొట్టాలె." ఫోన్ లోగో దగ్గరే తిరుగుతున్నా అదే మాట. నల్ల తెర మీద 'యువర్ డివైస్ ఈజ్ కరప్ట్' అని వచ్చినా అదే మాట. 'ఆరెంజ్ స్టేట్' అని ఐదు సెకన్లు కనిపించి, ఆ తర్వాత మామూలుగానే ఆన్ అయినా అదే మాట. నిజానికి ఈ మూడింటికీ కారణాలు వేరు, చేయాల్సిన పని వేరు. ఒకదానికి చేయాల్సింది ఇంకోదానికి చేస్తే లోపలున్న ఫొటోలు పోతాయి, ఒక్కోసారి ఫోనే పోతుంది.

ఆ అక్షరాలు రాసేది ఆండ్రాయిడ్ కాదు. అవి కనిపించే సమయానికి ఆండ్రాయిడ్ ఇంకా మొదలే కాలేదు. పవర్ బటన్ నొక్కినప్పటి నుంచి ఫోన్ తనలో ఉన్న సాఫ్ట్‌వేర్ తయారీ కంపెనీ ఇచ్చిందేనా, మధ్యలో ఎవరైనా మార్చారా అని అంచెలంచెలుగా చూసుకుంటూ వస్తుంది. దీన్ని వెరిఫైడ్ బూట్ అంటారు. ఏదో ఒక అంచెలో తేడా కనిపిస్తే, ఆండ్రాయిడ్‌ను మొదలుపెట్టే చిన్న ప్రోగ్రామ్ అయిన బూట్‌లోడర్ ఆ సంగతి తెర మీద పెడుతుంది. ఆ హెచ్చరికను కనిపించకుండా చేసి "అయిపోయింది" అని చేతికివ్వడం రిపేరు కాదు.

మొదటి కోడ్ సిలికాన్‌లోనే ఉంటుంది

పవర్ బటన్ నొక్కగానే ప్రాసెసర్ మొట్టమొదట నడిపే ప్రోగ్రామ్ మెమరీ చిప్‌లో ఉండదు, ప్రాసెసర్‌లోనే ఉంటుంది. చిప్ ఫ్యాక్టరీలో తయారైనప్పుడే అది అచ్చైపోతుంది. దీని పేరు బూట్ రోమ్. షాపుల్లో మీడియాటెక్ ఫోన్ల విషయంలో 'బ్రోమ్ మోడ్' అని పిలిచేది దీన్నే, క్వాల్‌కామ్ చిప్‌లలో దీన్ని పీబీఎల్ అంటారు. ఏ అప్‌డేట్ వచ్చినా, షాపుల్లో సాఫ్ట్‌వేర్ ఎక్కించే ఏ బాక్సుతో ఫ్లాష్ చేసినా (అంటే సాఫ్ట్‌వేర్ కొత్తగా ఎక్కించినా) ఇందులో ఒక్క అక్షరం మారదు. మార్చలేం కాబట్టే దాని మీద నమ్మకం పెట్టుకోవచ్చు.

ఆ ప్రోగ్రామ్ పక్కనే ఈ-ఫ్యూజులు ఉంటాయి. ఇవి చిప్‌లోని అతి సన్నని లింకులు, ఒకసారి కాల్చితే మళ్లీ అతకవు. ఫోన్ కంపెనీ ఫ్యాక్టరీలో వీటిని కాల్చి, తన పబ్లిక్ కీ (కంపెనీ డిజిటల్ సంతకం నిజమైనదేనా అని పరీక్షించడానికి వాడే సంఖ్య) తాలూకు హ్యాష్‌ను శాశ్వతంగా రాసేస్తుంది. హ్యాష్ అంటే ఎంత పెద్ద ఫైల్‌కైనా లెక్కగట్టి తీసే ఒక నిర్ణీత పొడవు సంఖ్య. ఎస్‌హెచ్‌ఏ-256 పద్ధతిలో అది 32 బైట్లు. ఫైల్‌లో ఒక్క బిట్ మారినా ఆ 32 బైట్లు పూర్తిగా మారిపోతాయి, అదే హ్యాష్ వచ్చేలా ఇంకో ఫైల్ తయారు చేయడం ఎవరివల్లా అయ్యే పని కాదు.

బూట్ రోమ్ మెమరీ చిప్ నుంచి తర్వాతి దశ బూట్‌లోడర్‌ను చదువుతుంది. దాంతో పాటు కంపెనీ సంతకం, పబ్లిక్ కీ వస్తాయి. ముందు ఆ కీ హ్యాష్ ఫ్యూజుల్లో ఉన్నదానితో సరిపోతుందా అని చూస్తుంది. సరిపోతే ఆ కీతో సంతకాన్ని పరీక్షిస్తుంది. సంతకం చేయడానికి కావాల్సిన ప్రైవేట్ కీ కంపెనీ దగ్గర తప్ప ఇంకెక్కడా ఉండదు, ఫోన్‌లో కూడా ఉండదు. కాబట్టి ఫోన్‌ను ముక్కలుగా విప్పినా కొత్త సంతకం పుట్టించలేరు. అన్నీ కుదిరితేనే ఆ బూట్‌లోడర్ నడుస్తుంది. అది నడిచాక తన తర్వాతి దశను అదే తీరుగా పరీక్షిస్తుంది. జాగ కొనేటప్పుడు అమ్మేవాడి దస్తావేజు ఒక్కటే చూసి ఊరుకోం, వెనక్కి వెళ్లి లింక్ డాక్యుమెంట్లన్నీ చూస్తాం. ఇక్కడ కూడా ప్రతి దశ హక్కు దాని ముందు దశ నుంచే రావాలి, మధ్యలో ఒక్క లింకు తెగినా మిగతావన్నీ చెల్లవు.

బాక్సులు, డాంగిళ్లు చాలాసార్లు ఈ అంచె దగ్గరే ఆగిపోతాయి. క్వాల్‌కామ్ ఫోన్ పూర్తిగా డెడ్ అయితే కంప్యూటర్‌లో 'క్యూడీలోడర్ 9008' అని పోర్ట్ కనిపిస్తుంది. అది బూట్ రోమ్‌లోని అత్యవసర డౌన్‌లోడ్ మోడ్. అక్కడ ఫ్లాష్ చేయాలంటే ముందుగా ఫోన్‌లోకి ఫైర్‌హోస్ అనే చిన్న ప్రోగ్రామర్ ఫైల్ పంపాలి, దాని మీద కూడా ఆ కంపెనీ సంతకం ఉండి తీరాలి. ఇంకో మోడల్ ఫైల్ వేస్తే ఫోన్ ఉలకదు పలకదు. అది బాక్సు లోపం కాదు, ఫోన్ తన పని తాను చేస్తోంది.

ఒక చిన్న పార్టిషన్ మీద అంతా నిలబడుతుంది

మధ్యలో రెండు మూడు దశల బూట్‌లోడర్లు, రహస్యాలు దాచుకునే ట్రస్ట్‌జోన్ సాఫ్ట్‌వేర్, మోడెమ్ ఫర్మ్‌వేర్ ఒక్కొక్కటీ సంతకం చూపించుకుని లోపలికి వస్తాయి. చివరి బూట్‌లోడర్ ఆండ్రాయిడ్ గడప దగ్గరికి చేరాక తెరిచేది వీబీమెటా అనే పార్టిషన్‌ను (పార్టిషన్ అంటే మెమరీలో విడిగా కేటాయించిన భాగం). ఆండ్రాయిడ్ 8తో 2017లో వచ్చిన ఏవీబీ (ఆండ్రాయిడ్ వెరిఫైడ్ బూట్) పద్ధతిలో మొత్తం వ్యవస్థ దీని చుట్టూ తిరుగుతుంది. సైజు కొన్ని కిలోబైట్లే. కానీ ఆండ్రాయిడ్‌కు గుండెలాంటి ప్రోగ్రామ్ అయిన కెర్నల్ ఉండే బూట్ పార్టిషన్ హ్యాష్ ఎంత, సిస్టమ్, వెండర్, ప్రొడక్ట్ పార్టిషన్ల మూల హ్యాష్‌లు ఎంతెంత అన్నదంతా ఇందులో రాసి, కింద కంపెనీ సంతకం పెట్టి ఉంటుంది. 4096 బిట్ల ఆర్‌ఎస్‌ఏ కీతో చేసే సంతకం ఇక్కడ మామూలు.

బూట్ పార్టిషన్ చిన్నది, చాలా ఫోన్లలో వంద మెగాబైట్ల లోపే. దాన్ని మొత్తంగా ర్యామ్‌లోకి తెచ్చి హ్యాష్ లెక్కగట్టి చూడటానికి సమయం పట్టదు. చిక్కంతా సిస్టమ్ లాంటి పెద్ద పార్టిషన్లతోనే. అనేక గిగాబైట్లను ఆన్ చేసిన ప్రతిసారీ చదివి లెక్కగడితే హోమ్ స్క్రీన్ వచ్చేసరికి విసుగొస్తుంది. పైగా ఆన్ అయ్యేటప్పుడు సరిగ్గా ఉన్నది గంట తర్వాత అలాగే ఉంటుందన్న హామీ లేదు.

దీనికి వాడే పద్ధతి డీఎం-వెరిటీ. లైనక్స్ కెర్నల్‌లోకి 2012లో, ఆండ్రాయిడ్‌లోకి 4.4 వెర్షన్‌తో 2013లో వచ్చింది. దీని లెక్క ఒక్కసారి కూర్చుని వేసుకుంటే తర్వాత వచ్చే గొడవలన్నీ వాటంతటవే అర్థమవుతాయి.

ఒక గిగాబైట్ సిస్టమ్ పార్టిషన్ తీసుకుందాం. దాన్ని 4096 బైట్ల బ్లాకులుగా కోస్తే 2,62,144 బ్లాకులు వస్తాయి. ఒక్కో బ్లాకుకు 32 బైట్ల హ్యాష్ చొప్పున రాసుకుంటే 8 మెగాబైట్ల పట్టిక తయారవుతుంది. ఆ పట్టికను మళ్లీ 4096 బైట్ల బ్లాకులుగా కోస్తే 2,048 బ్లాకులు. వాటి హ్యాష్‌లన్నీ కలిపితే 64 కిలోబైట్లు, అంటే 16 బ్లాకులు. ఆ 16 హ్యాష్‌లు కలిపితే 512 బైట్లే, ఒక్క బ్లాకులో పడతాయి. ఆ ఒక్క బ్లాకు హ్యాష్‌నే మూల హ్యాష్ అంటారు. వీబీమెటాలో సంతకం కింద ఉన్నది అదే 32 బైట్లు.

ఇప్పుడు ఫోన్ వాడుతుంటే ఏదో ఒక బ్లాకు చదవాల్సి వస్తుంది. కెర్నల్ ఆ బ్లాకు హ్యాష్ లెక్కగట్టి పట్టికలోని దానితో పోలుస్తుంది. ఆ పట్టిక బ్లాకును పైమెట్టుతో, దాన్ని ఇంకా పైమెట్టుతో, చివరికి మూల హ్యాష్‌తో పోలుస్తుంది. ఒక గిగాబైట్‌లో ఎక్కడ ఒక్క బైట్ మారినా మూడు మెట్లు ఎక్కేలోగా దొరికిపోతుంది. ఒకసారి సరిచూసిన పట్టిక బ్లాకులు ర్యామ్‌లో ఉంటాయి కాబట్టి ప్రతిసారీ పైదాకా ఎక్కాల్సిన పని లేదు. అంటే తనిఖీ ఆన్ అయ్యేటప్పుడు మొదలవుతుందే గానీ అక్కడితో అయిపోదు, ఫోన్ నడుస్తున్నంతసేపూ చదివిన ప్రతి బ్లాకు దగ్గరా జరుగుతూనే ఉంటుంది. "పొద్దున బాగానే ఆన్ అయింది, సాయంత్రం కెమెరా తెరవగానే రీస్టార్ట్ అయి ఈ మెసేజ్ వచ్చింది" అని కొందరు చెబితే షాపువాళ్లు నమ్మరు. నమ్మాలి. పాడైన బ్లాకును అప్పటిదాకా ఎవరూ చదవలేదు, అంతే.

ఈ తనిఖీ ఎంత నిక్కచ్చిగా ఉంటుందంటే, ఎక్స్‌ట్4 ఫైల్ సిస్టమ్ ఉన్న సిస్టమ్ పార్టిషన్‌ను రాయడానికి వీలుగా ఒక్కసారి మౌంట్ చేస్తే (అంటే తెరిస్తే) చాలు, ఒక్క ఫైల్ ముట్టుకోకపోయినా లెక్క తప్పుతుంది. ఎప్పుడు మౌంట్ అయింది, ఎన్నిసార్లు అయింది అన్న సమాచారం పార్టిషన్ వివరాలుండే సూపర్‌బ్లాకులో రాసుకుంటుంది కదా, ఆ కొన్ని బైట్లు మారడమే కారణం.

ఎవరూ ముట్టుకోకుండానే 'కరప్ట్' ఎందుకొస్తుంది

మన దగ్గర ఎక్కువగా కనిపించేది ఇదే. ఫోన్‌ను రూట్ చేయలేదు (సిస్టమ్‌ను మార్చే పూర్తి అధికారం తీసుకోలేదు), ఏమీ ఎక్కించలేదు, అయినా 'డీఎం-వెరిటీ కరప్షన్' అని వచ్చి, పవర్ బటన్ నొక్కకపోతే 5 సెకన్లలో ఆఫ్ అవుతానంటుంది. దీనికి ఒక కారణం మెమరీ చిప్ అరగడం. ఫ్లాష్ మెమరీ చిన్న చిన్న గదుల్లో విద్యుదావేశం పట్టి ఉంచి డేటా దాస్తుంది. అది కాలంతో కొద్దికొద్దిగా కారిపోతుంది, వేడిలో ఇంకా త్వరగా కారుతుంది. నల్గొండలో మే నెల ఎండ 45 డిగ్రీలు దాటే రోజుల్లో ట్రాక్టర్ సీటు మీదో, ఆటో డాష్‌బోర్డు మీదో పడేసిన ఫోన్ లోపల ఎంత వేడి ఉంటుందో చెప్పనక్కర్లేదు. 32 గిగాబైట్ల పాత ఈఎంఎంసీ రకం మెమరీ చిప్ ఉన్న ఫోన్‌లో వాట్సాప్ వీడియోలతో మెమరీ ఎప్పుడూ నిండిపోయి ఉంటే, మిగిలిన కొద్ది చోటులోనే పదేపదే రాస్తూ చెరుపుతూ చిప్ త్వరగా అరుగుతుంది.

ఇందుకోసమే ఆండ్రాయిడ్ 7 నుంచి రీడ్-సోలమన్ కోడ్‌తో దిద్దుబాటు ఏర్పాటు చేర్చారు. 0.8 శాతం అదనపు చోటు తీసుకుని, 2 నుంచి 3 గిగాబైట్ల పార్టిషన్‌లో వరసగా 16 నుంచి 24 మెగాబైట్ల దాకా పాడైనా లెక్కగట్టి తిరిగి రాబట్టగలదు. కాబట్టి మెసేజ్ వచ్చిందంటే ఆ దిద్దుబాటు కూడా సరిపోనంత నష్టం జరిగిందని అనుకోవాలి. లేదంటే నష్టం ఇంకో చోట జరిగింది.

నష్టం మొదటిసారి తెలిసినప్పుడు చాలా ఫోన్లు ఏమీ చెప్పకుండా రీస్టార్ట్ అవుతాయి. రెండోసారి ఆన్ అవుతూ హెచ్చరిక చూపిస్తాయి. పవర్ బటన్ నొక్కి ముందుకు పోతే ఫోన్ ఆన్ కావచ్చు, కానీ పాడైన బ్లాకులను చదవబోయిన ప్రతిసారీ కెర్నల్ 'ఇది ఇవ్వను' అని తిప్పికొడుతుంది. అప్పుడు కొన్ని యాప్‌లు తెరుచుకుంటాయి, కొన్ని తెరుచుకోవు. ఆ స్థితిలో ఫోన్ ఆన్ అయిందంటే అది గొప్ప అవకాశం. వెంటనే కేబుల్ పెట్టి ఫొటోలు, కాంటాక్టులు బయటికి తీసుకోండి. గేమ్ తెరుస్తుందా లేదా అని చూస్తూ కూర్చోవద్దు.

తర్వాత చేయాల్సిన పని కంపెనీ సాఫ్ట్‌వేర్‌ను డేటా చెరపకుండా మళ్లీ ఎక్కించడం. శాంసంగ్ అయితే ఓడిన్ అనే కంప్యూటర్ ప్రోగ్రామ్‌లో ముఖ్యమైన గడులు నాలుగు: బీఎల్, ఏపీ, సీపీ, సీఎస్‌సీ. నాలుగో గడిలో 'హోమ్ సీఎస్‌సీ' ఫైల్ పెడితే డేటా ఉంటుంది, వట్టి 'సీఎస్‌సీ' పెడితే అంతా చెరిగిపోతుంది. ఈ రెంటి మధ్య తేడా చెప్పని షాపులో పిల్లల ఫొటోలున్న ఫోన్ ఇవ్వొద్దు. పిక్సెల్ లాంటి ఫోన్లలో రికవరీ మెనూలోకి వెళ్లి కంపెనీ అప్‌డేట్ ఫైల్‌ను (ఓటీఏ జిప్) కంప్యూటర్ నుంచి సైడ్‌లోడ్ చేయవచ్చు, బూట్‌లోడర్ లాక్ తీయాల్సిన అవసరం లేదు, డేటా పోదు. అదే ఐఫోన్‌లో తెర మీద కేబుల్ బొమ్మ వస్తే కంప్యూటర్‌కు పెట్టి ముందు 'అప్‌డేట్' నొక్కాలి. 'రిస్టోర్' నొక్కితే అన్నీ పోతాయి. ఎక్కించిన నెల రోజుల్లోనే అదే మెసేజ్ మళ్లీ వస్తే ఇక సాఫ్ట్‌వేర్ కోసం డబ్బులు పెట్టడం దండగ. చిప్ మార్చాలి, లేదా ఫోన్ మార్చాలి.

రంగుల్లో ఏముంది

ఆండ్రాయిడ్ తన స్థితిని రంగుల పేర్లతో చెబుతుంది. బూట్‌లోడర్‌కు లాక్ ఉండి (అంటే సంతకం సరిపోని సాఫ్ట్‌వేర్‌ను నడవనివ్వకుండా ఉండి) అన్ని సంతకాలూ కంపెనీవే అయితే గ్రీన్, అప్పుడు తెర మీద ఏ హెచ్చరికా రాదు. లాక్ ఉన్నా కంపెనీది కాకుండా వాడే మనిషి సొంతంగా పెట్టుకున్న కీతో నడుస్తుంటే ఎల్లో. ఇది మన దగ్గర అరుదు. బూట్‌లోడర్ అన్‌లాక్ అయి ఉంటే ఆరెంజ్: 'ఈ ఫోన్‌లో ఏముందో నేను చూడటం లేదు, పూచీ నాది కాదు' అని దాని అర్థం. చెల్లే సాఫ్ట్‌వేరే దొరక్కపోతే రెడ్, ఫోన్ ఆన్ కాదు. డీఎం-వెరిటీ నష్టం బయటపడ్డప్పుడు వచ్చే హెచ్చరికా రెడ్ కిందికే వస్తుంది, కాకపోతే అక్కడ ముందుకు పోయే దారి ఉంటుంది.

ఆరెంజ్ ఫోన్ మామూలుగానే పనిచేస్తుంది కాబట్టి జనం పట్టించుకోరు. హైదరాబాద్ జగదీష్ మార్కెట్ నుంచి సెకండ్ హ్యాండ్ సరుకుగా జిల్లాలకు వచ్చే ఫోన్లలోనైనా, దుబాయ్ నుంచి చుట్టాలు తెచ్చిన వాటిలోనైనా చూడాల్సింది దీన్నే. అన్‌లాక్ ఫోన్‌లో సిస్టమ్‌లోకి ఏ ప్రోగ్రామ్ అయినా చొప్పించవచ్చు. మీరు కొట్టే యూపీఐ పిన్ చూసే స్థాయి దానికి ఉంటుంది.

అన్‌లాక్ చేసిన క్షణంలో ఫోన్ తనలోని డేటా మొత్తం చెరిపేస్తుంది. ఇది కంపెనీ మొండితనం కాదు. దొంగ చేతిలో పడ్డ ఫోన్‌ను అన్‌లాక్ చేసి, తన సాఫ్ట్‌వేర్ ఎక్కించి మీ ఫొటోలు చూడకూడదని. ట్రస్ట్‌జోన్‌లో ఉండే ఎన్‌క్రిప్షన్ కీలు బూట్ స్థితికి ముడిపడి ఉంటాయి: ఏ కీతో బూట్ అయింది, లాక్ ఉందా లేదా అన్నది మారితే ఆ కీలు పనిచేయవు. అందుకే "అన్‌లాక్ చేసి డేటా తీసిస్తా" అని ఎవరైనా అంటే ఆ మాట కుదిరేది కాదు. అన్‌లాక్ చేయడమంటేనే డేటా పోగొట్టుకోవడం.

ఇంతకంటే ప్రమాదకరమైన పని ఇంకోటి ఉంది. ఆరెంజ్ హెచ్చరిక పోవాలని, లోపల మార్చిన సాఫ్ట్‌వేర్ ఉండగానే బూట్‌లోడర్‌ను తిరిగి లాక్ చేయడం. లాక్ పడగానే తనిఖీ కట్టుదిట్టంగా మొదలవుతుంది, మార్చిన బూట్ పార్టిషన్ కనిపిస్తుంది, ఫోన్ రెడ్‌లోకి వెళ్లి ఆగిపోతుంది. మళ్లీ అన్‌లాక్ చేద్దామంటే డెవలపర్ ఆప్షన్లలో 'ఓఈఎం అన్‌లాకింగ్' ఆన్ చేయాలి, దానికి ఫోన్ ఆన్ కావాలి, ఆన్ కాదు. అక్కడ ఇరుక్కున్న ఫోన్‌ను బయటికి తీయడం చాలా మోడళ్లలో కంపెనీ సర్వీస్ సెంటర్ వల్లే అవుతుంది.

షావోమీ ఫోన్లలో ఇది తెలియకుండానే జరుగుతుంది. ఫ్లాషింగ్ టూల్‌లో కింద వరసగా 'క్లీన్ ఆల్', 'సేవ్ యూజర్ డేటా', 'క్లీన్ ఆల్ అండ్ లాక్' అని ఉంటాయి. ముందే టిక్ పడి ఉండేది చివరిది. చైనాలో అమ్మడానికి తయారైన ఫోన్‌కు గ్లోబల్ రోమ్ (బయటి దేశాల కోసం చేసిన సాఫ్ట్‌వేర్) వేసి, ఆ టిక్ చూడకుండా ఫ్లాష్ నొక్కితే, 'ఈ ఎంఐయూఐ (షావోమీ సాఫ్ట్‌వేర్) వెర్షన్ ఈ డివైస్‌లో ఇన్‌స్టాల్ కాదు' అన్న అర్థంతో మెసేజ్ వచ్చి ఫోన్ రికవరీలో ఆగిపోతుంది. ఫ్లాష్ నొక్కే ముందు ఆ మూలకు ఒక్కసారి చూపు పోవాలి.

వెనక్కి తీసుకెళ్లడం

"కొత్త అప్‌డేట్ వచ్చాక చార్జింగ్ నిలవట్లే, పాతది ఎక్కియ్యి" అని అడిగేవాళ్లు చాలామంది. పాత వెర్షన్ మీద కూడా కంపెనీ సంతకం నిజమైనదే ఉంటుంది కదా, మరి ఎందుకు కుదరదు? పాత వెర్షన్‌లో బయటపడ్డ లోపాలు అందరికీ తెలిసిపోయి ఉంటాయి. దొంగ ఫోన్‌ను ఆ వెర్షన్‌కు దించి, ఆ లోపం గుండా లోపలికి వెళ్లగలడు. అందుకే వీబీమెటాలో రోల్‌బ్యాక్ సంఖ్య ఉంటుంది. ఫోన్ ఇప్పటిదాకా చూసిన పెద్ద సంఖ్యను మెమరీ చిప్‌లోని ఆర్‌పీఎంబీ అనే ప్రత్యేక భాగంలోనో, ఫ్యూజుల్లోనో రాసుకుంటుంది. అంతకంటే చిన్న సంఖ్య ఉన్నది వస్తే సంతకం సరైనదైనా ఒప్పుకోదు.

శాంసంగ్ ఫోన్లలో ఈ సంఖ్య కంటికి కనిపిస్తుంది. బిల్డ్ నంబర్‌లో చివరి నుంచి ఐదో అక్షరం చూడండి. ఫోన్‌లో 5 ఉండి, ఎక్కించబోయే ఫైల్‌లో 4 ఉంటే ఓడిన్ ఫెయిల్ అంటుంది, ఫోన్ తెర మీద 'ఎస్‌డబ్ల్యూ రెవ్ చెక్ ఫెయిల్, ఫ్యూజ్డ్ 5, బైనరీ 4' అన్నట్టు వస్తుంది. అక్కడ ఆగిపోవాలి. ఇంకో కేబుల్, ఇంకో పోర్ట్ మార్చి ప్రయత్నిస్తే మారదు. శాంసంగ్ కనీసం ముందే ఆపేస్తుంది. 2018లో రెడ్‌మీ నోట్ 5 ప్రో ఎంఐయూఐ 10కి వెళ్లాక పాతదానికి దించినవాళ్ల ఫోన్లు పూర్తిగా డెడ్ అయి 9008 పోర్ట్ మాత్రమే చూపించాయి. 2022లో పిక్సెల్ 6 వరసకు ఆండ్రాయిడ్ 13 ఎక్కాక 12కు దించే దారి మూసుకుపోయింది.

ఐఫోన్‌లో పద్ధతి ఇంకా గట్టిది. ఆపిల్ పబ్లిక్ కీ బూట్ రోమ్‌లోనే ఉంటుంది. సాఫ్ట్‌వేర్ ఎక్కించేటప్పుడు కంప్యూటర్ ఆపిల్ సర్వర్‌కు ఆ ఫోన్ ప్రత్యేక నంబర్ పంపి, ఆ ఒక్క ఫోన్‌కే, ఆ ఒక్కసారికే చెల్లే సంతకం తెచ్చుకుంటుంది. ఆపిల్ పాత వెర్షన్‌కు సంతకం ఇవ్వడం ఆపేస్తే ఫైల్ చేతిలో ఉన్నా పనికిరాదు, నెట్ లేకపోతే అసలే కుదరదు. బూట్ రోమ్ మార్చలేకపోవడంలో ఉన్న నష్టం కూడా ఐఫోన్‌లోనే బయటపడింది. 2019 సెప్టెంబర్‌లో చెక్‌ఎమ్8 అనే లోపాన్ని బయటపెట్టారు. ఐఫోన్ 4ఎస్ నుంచి ఐఫోన్ టెన్ దాకా ఉన్న చిప్‌ల బూట్ రోమ్‌లో అది ఉంది. ఏ అప్‌డేట్‌తోనూ దాన్ని దిద్దలేరు. అయితే కేబుల్‌తో, డీఎఫ్‌యూ అనే అత్యవసర మోడ్‌లో పెడితేనే పనిచేస్తుంది, ఆఫ్ చేసి ఆన్ చేస్తే దాని ప్రభావం ఉండదు.

డబ్బులిచ్చే ముందు

అమ్మేవాడి ముందే ఫోన్ పూర్తిగా ఆఫ్ చేసి ఆన్ చేయండి. మొదటి పది సెకన్లు తెర నుంచి చూపు తిప్పొద్దు. షావోమీలో లోగో దగ్గర తెరిచి ఉన్న తాళం బొమ్మ వస్తే అన్‌లాక్ అయినట్టే. తర్వాత సెట్టింగ్స్‌లో బిల్డ్ నంబర్‌ను ఏడుసార్లు తట్టి డెవలపర్ ఆప్షన్లు తెరిచి 'ఓఈఎం అన్‌లాకింగ్' దగ్గర చూడండి. అక్కడ 'బూట్‌లోడర్ ఈజ్ ఆల్రెడీ అన్‌లాక్డ్' అని ఉంటే మాట పూర్తయినట్టే. శాంసంగ్ అయితే ఆఫ్ చేసి, వాల్యూమ్ రెండు బటన్లూ పట్టుకుని కంప్యూటర్‌కు పెట్టిన కేబుల్ గుచ్చితే డౌన్‌లోడ్ మోడ్ వస్తుంది. అందులో వారంటీ వాయిడ్ పక్కన 0ఎక్స్0 ఉండాలి. 0ఎక్స్1 ఉంటే ఎప్పుడో ఒకసారి బయటి సాఫ్ట్‌వేర్ ఎక్కింది, ఆ ఫ్యూజ్ కాలిపోయింది. మళ్లీ కంపెనీ సాఫ్ట్‌వేర్ వేసినా ఆ అంకె మారదు, సెక్యూర్ ఫోల్డర్ ఇక పనిచేయదు.

హెచ్చరిక కనిపించలేదంటే అంతా బాగుందని గ్యారంటీ లేదు. కొన్ని అన్‌లాక్ ఫోన్లలో లోగో పార్టిషన్‌ను మార్చి ఆ అక్షరాలు రాకుండా చేసేవాళ్లున్నారు. కాబట్టి ప్లే స్టోర్ సెట్టింగ్స్‌లో అబౌట్ కింద 'ప్లే ప్రొటెక్ట్ సర్టిఫికేషన్' కూడా చూడండి. మీరు రోజూ వాడే బ్యాంకు యాప్ వేసి అది తెరుచుకుంటుందో లేదో పరీక్షించండి. ఆ యాప్‌లు గూగుల్ తనిఖీ సేవ ప్లే ఇంటెగ్రిటీ ద్వారా ట్రస్ట్‌జోన్ సంతకం చేసిన బూట్ స్థితిని అడగగలవు. తెర మీది అక్షరాలు చెరపడం తేలిక, ఆ సంతకాన్ని పుట్టించడం తేలిక కాదు. దొంగ ఫోనా కాదా అన్నది ఇదంతా చెప్పదు. దానికి ఇంగ్లిష్‌లో KYM అని టైప్ చేసి, ఖాళీ వదిలి, 15 అంకెల ఐఎంఈఐ రాసి 14422కు మెసేజ్ పంపాలి.

ఈ తనిఖీకి ఇంకో హద్దు ఉంది. మీ ఫొటోలు, మీరు వేసుకున్న యాప్‌లు ఉండే యూజర్‌డేటా పార్టిషన్ రోజూ మారుతూ ఉంటుంది కాబట్టి దానికి డీఎం-వెరిటీ ఉండదు, ఎన్‌క్రిప్షన్ మాత్రమే ఉంటుంది. పీఎం కిసాన్ పేరుతోనో, ట్రాఫిక్ చలానా పేరుతోనో వాట్సాప్‌లో వచ్చే ఏపీకే ఫైల్ వేసుకుని, ఎస్‌ఎంఎస్‌లు చదివే అనుమతి ఇచ్చేస్తే ఫోన్ గ్రీన్‌లోనే ఉంటుంది, ఓటీపీలు మాత్రం బయటికి పోతాయి. అలా జరిగితే ముందు నెట్ ఆపి, ఇంకో ఫోన్ నుంచి సైబర్ నేరాల హెల్ప్‌లైన్ 1930కి, బ్యాంకుకు చెప్పండి. ఆ తర్వాత సేఫ్ మోడ్‌లో ఆ యాప్ తీసేయండి, డివైస్ అడ్మిన్ అనుమతి ఇచ్చి ఉంటే ముందు దాన్ని ఆపాలి. అప్పటికీ పోకపోతే ఫ్యాక్టరీ రీసెట్ కొట్టండి. లాక్ అయి ఉన్న ఫోన్‌లో అలాంటి యాప్ సిస్టమ్ పార్టిషన్‌లో చేరలేదు, చేరి ఒక్క బ్లాకు మార్చినా హ్యాష్ తప్పి దొరికిపోతుంది కాబట్టి రీసెట్‌తో అది పోతుంది. అన్‌లాక్ అయి ఉన్న ఫోన్‌లో సిస్టమ్‌లోకే ఎక్కి కూర్చున్నది ఎన్ని రీసెట్లు కొట్టినా అక్కడే ఉంటుంది, కంపెనీ సాఫ్ట్‌వేర్ మొత్తం మళ్లీ ఎక్కించి, అది ఆన్ అయిందని చూసుకుని, ఆ తర్వాత లాక్ వేస్తేనే పోతుంది.